పాలు మాన్పే పంది పిల్లలకు స్వైన్ ఫీవర్ టీకా: రోజును నిర్ణయించేది తల్లి పంది రికార్డు

మీ షెడ్డులో 12 తల్లి పందులు, అన్నీ లార్జ్ వైట్ యార్క్‌షైర్ సంకరాలు, ఉన్నాయని, పిల్లలను 45వ రోజున తల్లి నుంచి వేరు చేసి ఆ రోజే స్వైన్ ఫీవర్ (పందులకు ప్రాణాంతకమైన వైరస్ జ్వరం) టీకా వేయించి, నట్టల మందు తాగించి, మగ పిల్లలకు విత్తులు కూడా కొట్టిస్తున్నారని రాశారు. ఇంత చేసినా గత రెండు ఈతల్లో టీకా పడిన రెండు, మూడు వారాలలోపే కొన్ని పిల్లలు జ్వరంతోనూ పారుడుతోనూ చనిపోయాయని, టీకాయే పనిచేయలేదా అని, విదేశీ షెడ్యూళ్లలో చూసినట్లు 21వ రోజునే వేస్తే మేలా అని, గాలికుంటు టీకాను కూడా దానితో కలిపి వేయించవచ్చా అని అడిగారు.

ముందు సమాధానం చెప్పి తర్వాత కారణాలు వివరిస్తాను. మీ తల్లి పందులకు స్వైన్ ఫీవర్ టీకా క్రమం తప్పకుండా పడుతూ ఉంటే, పిల్లలకు 21వ రోజు సరైనది కాదు, 45వ రోజు కూడా సరైనది కాదు. 56 నుంచి 60 రోజుల మధ్య వేయించండి. తల్లులకు ఎన్నడూ టీకా పడకపోయి ఉంటే లెక్క పూర్తిగా మారుతుంది, అప్పుడు మూడు, నాలుగు వారాల వయసులోనే మొదటి డోసు అవసరం. అంటే టీకా రోజును పాలు మాన్పే రోజుతో ముడిపెట్టడమే ఇక్కడ అసలు చిక్కు. ఆ రెండూ ఒకే రోజున జరగడం మనకు పని కలిసివస్తుందని చేసుకున్న ఏర్పాటే తప్ప, పిల్ల శరీరానికి దానితో ఏ సంబంధమూ లేదు.

పంది గర్భంలో మాయ నిర్మాణం ఎలాంటిదంటే, తల్లి రక్తంలోని యాంటీబాడీలు, అంటే రోగాన్ని ఎదుర్కొనే రక్షణ పదార్థాలు, కడుపులోని పిల్లకు చేరవు. కాబట్టి పంది పిల్ల ఎటువంటి రక్షణా లేకుండానే పుడుతుంది, దానికి దొరికేదంతా ముర్రుపాల ద్వారానే దొరుకుతుంది. ముర్రుపాలలోని యాంటీబాడీలను పేగు నేరుగా రక్తంలోకి తీసుకోగలిగేది పుట్టిన తర్వాత మొదటి ఒకటి, ఒకటిన్నర రోజు మాత్రమే, అందులోనూ మొదటి ఆరు గంటలలో తాగినదానికి ఉన్న విలువ తర్వాత తాగినదానికి ఉండదు. ఒక్కో పిల్ల కనీసం 250 గ్రాముల ముర్రుపాలు తాగితే తప్ప దానికి చాలినంత రక్షణ అందినట్లు కాదు. ముందు పుట్టి, ముందరి చన్నులను పట్టుకున్న బలమైన పిల్ల కడుపునిండా తాగుతుంది; చివరగా పుట్టిన బక్క పిల్లకు మిగిలింది దొరుకుతుంది. అందువల్ల ఒకే తల్లికి, ఒకే రాత్రి పుట్టిన పది పిల్లలలో కూడా యాంటీబాడీల మోతాదు ఒకే తీరుగా ఉండదు, టీకాకు అవి స్పందించే తీరు కూడా ఒకటిగా ఉండదు.

స్వైన్ ఫీవర్ విషయంలో తల్లి నుంచి వచ్చిన ఈ యాంటీబాడీలు సుమారు పది నుంచి పద్నాలుగు రోజులకు ఒకసారి సగానికి తగ్గుతాయి. ఉదాహరణకు టీకా బాగా పడిన తల్లి పిల్లలో, ప్రయోగశాల లెక్కలో, మొదటి వారంలో 256 స్థాయి ఉందనుకుందాం. పన్నెండు రోజులకు ఒకసారి సగమవుతుందని తీసుకుంటే 24 రోజులకు 64, 36 రోజులకు 32, 48 రోజులకు 16, 60 రోజులకు 8 మిగులుతుంది. మనం వేసే టీకాలో ఉన్నది బలహీనపరచిన బతికి ఉన్న వైరస్. అది పిల్ల శరీరంలో కొద్దిగా పెరిగితేనే ఆ శరీరం తన సొంత రక్షణను తయారుచేసుకుంటుంది. తల్లి యాంటీబాడీలు 32, 64 స్థాయిలో ఉన్నప్పుడు టీకా వైరస్‌ను అవి పెరగనివ్వకుండానే పట్టేస్తాయి. 21వ రోజున టీకా వేస్తే డబ్బు, శ్రమ మాత్రమే కాక ఒక ప్రమాదకరమైన నిశ్చింత కూడా మిగులుతుంది, ఎందుకంటే టీకా పడిందని మీరు రికార్డులో రాసుకుంటారు, పిల్ల రక్తంలో మాత్రం ఏమీ జరగదు. ఈ అంకెలు అన్ని పందులకూ ఇలాగే ఉంటాయని కాదు. తల్లిలో ఎంత ఉంటే, పిల్ల ఎంత తాగితే అక్కడినుంచి లెక్క మొదలవుతుంది. అయినా 45వ రోజు ఎందుకు అనుమానాస్పదమో, 60వ రోజు ఎందుకు మెరుగో ఈ లెక్కలో తెలుస్తుంది.

దీనిలో మరో చిక్కు ఉంది, చాలామంది రైతులు దాన్ని పట్టించుకోరు. టీకాను అడ్డుకోవడానికి సరిపోయే యాంటీబాడీలు, బయటినుంచి వచ్చే అసలు రోగాన్ని అడ్డుకోవడానికి సరిపోకపోవచ్చు. ఆ మధ్య కాలంలో, అంటే దాదాపు ఐదో వారం నుంచి ఎనిమిదో వారం వరకు, పిల్లకు టీకా పూర్తిగా పట్టదు, రోగం మాత్రం పట్టగలదు. ఈ సందును ఏ తేదీ మార్చినా పూర్తిగా మూయలేము. మీ మండలంలో రోగం తిరుగుతూ ఉంటే 30 నుంచి 35 రోజుల మధ్య ఒక డోసు, 60 నుంచి 65 రోజుల మధ్య రెండో డోసు వేయించడం మంచి పద్ధతి, ఎందుకంటే ముర్రుపాలు తక్కువ తాగిన పిల్లలు మొదటి డోసుకే స్పందిస్తాయి, ఎక్కువ తాగినవి రెండో డోసుకు స్పందిస్తాయి. చుట్టుపక్కల రోగం లేదని మీ పశువైద్యాధికారి చెబితే 60వ రోజున వేసే ఒక్క డోసు సరిపోతుంది. మొత్తం మీద ఒకటే డోసు వేయాలనుకున్నప్పుడు దాన్ని తొందరపడి వేయడం కంటే కొంత ఆలస్యంగా వేయడమే నయం, అయితే ఆ సందు ఉన్నన్ని రోజులూ షెడ్డులోకి రోగం రాకుండా చూసుకునే బాధ్యత మీదే.

21వ రోజు గురించి మీరు చూసిన షెడ్యూళ్లలో ఒక ముఖ్యమైన తేడా ఉంది. అమెరికాలో, ఐరోపాలో పిల్లలను మూడు, నాలుగు వారాలకే తల్లి నుంచి వేరు చేస్తారు. ఐరోపా సమాఖ్య నిబంధన ప్రకారం 28 రోజులకు ముందు వేరు చేయకూడదు, ప్రత్యేకంగా శుభ్రపరచిన వేరే గదులు ఉన్నప్పుడు మాత్రం ఒక వారం ముందుగా చేయవచ్చు. మూడో వారంలో వారు వేసే టీకాలు ముఖ్యంగా ఊపిరితిత్తులను దెబ్బతీసే మైకోప్లాస్మాకు, సర్కోవైరస్‌కు సంబంధించినవి. స్వైన్ ఫీవర్‌కు వారు మామూలుగా టీకాయే వేయరు. అమెరికా ఆ రోగాన్ని 1978 నాటికి నిర్మూలించింది. ఐరోపా సమాఖ్య 1990లో సామూహిక టీకాలను ఆపివేసింది, ఎందుకంటే టీకా వల్ల వచ్చిన యాంటీబాడీలనూ రోగం వల్ల వచ్చినవాటినీ రక్తపరీక్షలో విడదీయడం అప్పట్లో సాధ్యం కాక, ఎగుమతులకు అది అడ్డంకిగా ఉండేది. మన దేశంలో రోగం ఇంకా తిరుగుతూనే ఉంది కాబట్టి మనకు టీకా తప్పదు. వారి తేదీని మన టీకాకు అతికించుకోవడం వల్ల రెండింటి ప్రయోజనమూ పోతుంది.

ఇప్పుడు మీరు వెతికి చూసుకోవలసినది తల్లి పందుల రికార్డు. ప్రతి తల్లికి స్వైన్ ఫీవర్ టీకా చివరగా ఎప్పుడు పడింది, ఆ తర్వాత ఎన్నో ఈత నడుస్తోంది అనే రెండు విషయాలు మీ పుస్తకంలో ఉంటే మీ ప్రశ్నకు సగం సమాధానం అందులోనే దొరుకుతుంది. 12 తల్లుల్లో కొన్ని మీ దగ్గరే పుట్టి టీకా పడినవి, కొన్ని సంతలోనో వేరే ఫారంలోనో కొన్నవి అయి ఉంటే, అన్ని పిల్లలకూ ఒకే రోజు పెట్టుకోవడం వల్ల ఎవరో ఒకరికి అది తప్పకుండా పొరపాటు రోజవుతుంది. తల్లులకు టీకా వేయించడానికి అనువైన సమయం పిల్లలను వేరు చేసినప్పుడు, అంటే మళ్లీ ఎదకు వచ్చి దాటించడానికి ముందు. సూడితో ఉన్న పందికి ఈ బతికి ఉన్న వైరస్ టీకా వేయించవద్దు. పిల్లలను ఒక తల్లి దగ్గరనుంచి మరో తల్లి దగ్గరకు మార్చి పెంచే అలవాటు మీకు ఉంటే, అవి ముర్రుపాలు ఏ తల్లి దగ్గర తాగాయో రాసి ఉంచండి. తర్వాత ఎవరి దగ్గర పాలు తాగినా రక్తంలోని యాంటీబాడీలు మాత్రం మొదటి తల్లివే.

టీకా పడిన పిల్లలు ఎందుకు చనిపోతాయన్న మీ ప్రశ్నకు మరో సమాధానం కూడా ఈ తల్లుల దగ్గరే ఉండవచ్చు. సూడి పందికి స్వైన్ ఫీవర్ వైరస్‌లోని తక్కువ తీవ్రత గల రకం సోకితే పైకి అది ఆరోగ్యంగానే కనిపించవచ్చు. గర్భం దాదాపు 50 నుంచి 70 రోజుల మధ్య ఉన్నప్పుడు ఇలా జరిగితే, అప్పటికి రక్షణ వ్యవస్థ ఇంకా రూపుదిద్దుకోని పిల్లలు ఆ వైరస్‌ను తమ శరీరంలో భాగంగానే స్వీకరించి పుడతాయి. వాటికి టీకా ఎన్నిసార్లు వేసినా యాంటీబాడీలు తయారుకావు. అవి ఎదుగుదల లేకుండా, వెంట్రుకలు రేగి, అప్పుడప్పుడు పారుడుతో నెలల తరబడి బతుకుతూ, బతికినన్నాళ్లూ మలం, మూత్రం, చొంగ ద్వారా వైరస్‌ను వదులుతూనే ఉంటాయి. షెడ్డులో అలాంటి బక్క పిల్ల ఒకటి ఉంటే, టీకా వేసిన మిగతా పిల్లలకు రక్షణ ఏర్పడకముందే దాని వల్ల రోగం అంటుతుంది. రైతు దానికి జాలిపడి విడిగా కుడితి పోసి పోషిస్తూ ఉంటాడు. రోగం ఎక్కడినుంచి వస్తోందో మాత్రం అంతుపట్టదు. ఒకే తల్లికి వరుసగా చచ్చిన పిల్లలు, వణుకుతూ పుట్టిన పిల్లలు, ఎదగని పిల్లలు పుడుతూ ఉంటే ఆ తల్లి, పిల్లల రక్తాన్ని పరీక్ష చేయించకుండా దాన్ని మళ్లీ దాటించవద్దు.

ఇక పాలు మాన్పే రోజు విషయానికి వస్తాను. ఆ రోజు పిల్ల తల్లిని కోల్పోతుంది, తోటి పిల్లల గుంపు మారుతుంది, వెచ్చని చోటు మారుతుంది, పాలు పోయి పొడి దాణా వస్తుంది. ఈ నాలుగూ ఒకేసారి మీద పడటం వల్ల మొదటి ఒకటి, రెండు రోజులు పిల్ల దాదాపు ఏమీ తినదు. తిండి లేకపోతే పేగు లోపలి నూగు లాంటి పొర కుంచించుకుపోతుంది, దాణా సరిగా అరగదు, అరగని దాణా మీద ఈ.కోలై బ్యాక్టీరియా విపరీతంగా పెరుగుతుంది. అంతవరకు ప్రతి గుక్క పాలతోనూ పేగును కాపాడుతూ వచ్చిన తల్లి యాంటీబాడీలు కూడా ఆ రోజుతో ఆగిపోతాయి. సాధారణంగా వేరు చేసిన మూడో రోజు నుంచి పదో రోజు వరకు కనిపించే పారుడు దీనివల్లనే. దీనికి తోడు అదే రోజు సూది, నట్టల మందు, విత్తులు కొట్టడం కూడా చేస్తే పిల్ల శరీరం మీద మోయలేని భారం పడుతుంది. విత్తులు కొట్టడం మొదటి రెండు వారాలలోపే పూర్తి చేయిస్తే పిల్లకు నొప్పి తక్కువ, గాయం త్వరగా మానుతుంది. 45 రోజులదాకా ఆపవలసిన అవసరమే లేదు. నట్టల మందును టీకాకు వారం, పది రోజుల ముందు తాగించండి. ఒకే రోజు అన్నీ చేయడంలో మరో నష్టం కూడా ఉంది: తర్వాత పిల్ల నీరసపడితే అది సూది వల్లనా, దాణా వల్లనా, గాయం చీము పట్టడం వల్లనా, అసలు రోగం వల్లనా అని ఎవరూ చెప్పలేరు.

మీ పిల్లలు దేనితో చనిపోయాయో మీరు రాసిన రెండు లక్షణాలతో తేల్చలేము, కానీ విడదీసే దారులు ఉన్నాయి. వేరు చేసిన మొదటి పది రోజులలో, జ్వరం పెద్దగా లేకుండా, నీళ్లలాంటి పారుడుతో కళ్లు లోతుకు పోయి చనిపోతే ఈ.కోలైని ముందు అనుమానించాలి. గుంపులో అన్నిటికంటే బాగా ఎదుగుతున్న పిల్ల ఒక్కసారిగా తూలుతూ, కనురెప్పలు వాచి, రాత్రికి రాత్రి చనిపోతే అది ఈ.కోలైలోనే మరో రకం తెచ్చే వాపు రోగం కావచ్చు. 105 డిగ్రీల ఫారన్‌హీట్ దాటిన జ్వరంతో పిల్లలు ఒకదాని మీద ఒకటి పడి మూలన గుమిగూడటం, కళ్లలో పుసి కట్టడం, ముందు మలబద్ధకం ఉండి తర్వాత పసుపు రంగు పారుడు రావడం, వెనక కాళ్లు ఊగడం, చెవులు, పొట్ట, తొడల లోపలి చర్మం ఊదా రంగుకు తిరగడం కనిపిస్తే స్వైన్ ఫీవర్‌ను అనుమానించాలి. శవపరీక్షలో మూత్రపిండాల మీద సూదిమొనలంత ఎర్రని చుక్కలు, ప్లీహం అంచున నల్లబడిన ముక్కలు, పెద్దపేగులో గుండ్రని బొత్తాముల్లాంటి పుండ్లు కనిపిస్తే ఆ అనుమానం బలపడుతుంది. ఈ రోగం సోకిన తర్వాత లక్షణాలు రావడానికి సాధారణంగా మూడు నుంచి పది రోజులు పడుతుంది కాబట్టి, టీకా వేసిన రెండు, మూడు రోజులకే జ్వరం వచ్చిన పిల్లకు రోగం టీకాకు ముందే సోకి ఉంటుంది. ఆ పిల్ల విషయంలో టీకాను తప్పుపట్టడానికి లేదు.

అయితే చూపుతో చేసిన నిర్ధారణ ఇప్పుడు ఎవరికీ సరిపోదు, ఎందుకంటే 2020లో అస్సాం, అరుణాచల్ ప్రదేశ్‌లలో మొదటిసారి బయటపడిన ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ లక్షణాలు కూడా ఇంచుమించు ఇవే. పేరు దగ్గరగా ఉన్నా అది పూర్తిగా వేరే వైరస్. మనం వేసే స్వైన్ ఫీవర్ టీకా దానిని ఏమాత్రం ఆపలేదు, దానికి మన దేశంలో వాడటానికి అనుమతి పొందిన టీకా కూడా లేదు. దీనికి టీకా ఉందని చెప్పి ఎవరైనా సీసా అమ్మజూపితే కొనవద్దు. టీకాలు సరిగా పడిన పెద్ద పందులు కూడా వరుసగా చనిపోతూ ఉంటే ముందు ఈ రోగాన్ని దృష్టిలో పెట్టుకోవాలి. రక్తం, కణజాల నమూనాలను పశుసంవర్ధక శాఖ ద్వారానే పంపించాలి. ఈ రోగ నిర్ధారణ భోపాల్‌లోని జాతీయ అధిక భద్రతా పశువ్యాధుల సంస్థలో జరుగుతుంది. మామూలు శవపరీక్షకు తిరుపతి, గన్నవరం, రాజేంద్రనగర్ పశువైద్య కళాశాలల్లో నిపుణులు ఉన్నారు, కానీ చచ్చిన పిల్లను సంచిలో వేసుకుని బస్సెక్కవద్దు. మీ పశువైద్యాధికారికి ముందుగా చెప్పి, వారు సూచించినట్లే చేయండి. అంటురోగం అనుమానం వస్తే తెలియజేయడం 2009 నాటి కేంద్ర చట్టం ప్రకారం యజమాని బాధ్యత కూడా.

టీకా సీసా గురించి కొంత వివరంగా రాయాలి, ఎందుకంటే టీకా పనిచేయలేదని చెప్పిన చాలా సందర్భాలలో తేదీ కంటే ముందు చూడవలసినది ఇదే. మన దేశంలో దశాబ్దాలుగా వాడుతున్నది కుందేళ్లలో పెంచి బలహీనపరచిన వైరస్ టీకా. ఒక్కో కుందేలు నుంచి దాదాపు 50 డోసులే వచ్చేవి, ఏటా 2.2 కోట్ల డోసులు అవసరం ఉండగా సుమారు 12 లక్షలే తయారయ్యేవి. ఇజ్జత్‌నగర్‌లోని భారత పశువైద్య పరిశోధన సంస్థ మన దేశపు వైరస్ రకం నుంచే, కుందేళ్లతో పని లేకుండా ప్రయోగశాల కణాలలో పెంచే టీకాను అభివృద్ధి చేసింది, దాన్ని 2020 ఫిబ్రవరిలో విడుదల చేశారు. టీకా వేసిన 14 రోజుల నుంచి రక్షణ కనిపించినట్లు అప్పుడు ప్రకటించారు. మీకు ఏ రకం అందుతోందో సీసా మీద చూసి, మోతాదు, మళ్లీ వేయవలసిన గడువు విషయంలో ఆ తయారీదారు చెప్పినదే పాటించండి. నా లెక్కకూ సీసా మీద రాసినదానికీ తేడా ఉంటే సీసాదే పైమాట.

ఏ రకమైనా అది చల్లదనం తప్పితే చచ్చిపోయే వైరస్. టీకా తెచ్చేటప్పుడు ఐస్ బాక్సు తప్పనిసరి. మే నెలలో మధ్యాహ్నం మోటారు సైకిలు పెట్టెలో అరగంట ఉన్న సీసాను మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టినంత మాత్రాన అది బతికిరాదు. పొడి టీకాను దానితో పాటు ఇచ్చిన ద్రావకంతోనే, ఆ ద్రావకాన్ని కూడా చల్లబరచి కలపాలి, కలిపిన సీసాను ఐస్ మీదే, నీడలోనే ఉంచి రెండు గంటలలోపు వాడేయాలి. మిగిలినదాన్ని రేపటికి దాచడం ఎంత మాత్రం కుదరదు. సిరంజిని స్పిరిట్‌తోనో డెట్టాల్‌తోనో కడిగి వెంటనే వాడితే లోపల మిగిలిన ఆ చుక్కే టీకా వైరస్‌ను చంపేస్తుంది. మరిగించి చల్లార్చినది గానీ, ఒకసారి వాడి పారేసేది గానీ తీసుకోండి. గాలికుంటు టీకా విషయంలో ఇందుకు భిన్నమైన జాగ్రత్త అవసరం: అది చంపిన వైరస్‌ను నూనెతో కలిపి చేసినది కాబట్టి ఫ్రీజర్‌లో గడ్డకడితే నూనె విడిపోయి పనికిరాకుండా పోతుంది. రెండు సీసాలనూ ఐస్ ముక్కల మధ్య ఒకే చోట కుక్కి తెచ్చేవారు ఈ తేడాను గుర్తుంచుకోవాలి.

సూదిని మెడ మీద, చెవి వెనక, భుజానికి ముందు, కండలోకి వేయాలి. తొడలో వేస్తే కొన్ని పిల్లలు కుంటుతాయి, అక్కడ కొవ్వులోకి పోయిన మందు సరిగా పట్టదు. ఎనిమిది, పది కిలోల పిల్లకు 20 గేజి లేదా 18 గేజి, అర అంగుళం నుంచి ముప్పావు అంగుళం సూది సరిపోతుంది. ఒక ఈత పూర్తయ్యాక సూది మార్చండి. వీలైతే పిల్లకొక సూది వాడండి, ఎందుకంటే వైరస్ రక్తంలో ఉన్న ఒక్క పిల్ల నుంచి అదే సూదితో గుంపంతటికీ రోగాన్ని ఎక్కించినవారమవుతాము. పెద్ద సీసా వృథా అవుతుందని నాలుగైదు ఫారాలవారు కలిసి తెప్పించుకోవడం మన దగ్గర ఉన్నదే, అందులో తప్పు లేదు. కానీ టీకా వేసే మనిషి అదే చెప్పులతో, అదే సిరంజితో ఒక షెడ్డు నుంచి మరో షెడ్డుకు వెళితే సీసా ఆదా చేసి రోగాన్ని కొనుక్కున్నట్లే. దీనికంటే మీ తల్లులను నాలుగేసి చొప్పున దగ్గర దగ్గర తేదీల్లో ఈనేలా దాటించుకుంటే, ఒకే వయసు పిల్లలు ముప్పై దాకా ఒకేసారి టీకాకు వస్తాయి, సీసా వృథా కాదు, పిల్లల వయసు లెక్క కూడా తప్పదు.

టీకా వేసే రోజు ప్రతి పిల్లనూ చేత్తో పట్టుకుని చూడండి. జ్వరం ఉన్నది, పారుడు ఉన్నది, దగ్గుతున్నది అయితే దాన్ని పక్కన పెట్టి, కోలుకున్న తర్వాత వేయించండి. పుట్టిన మూడో రోజున ఐరన్ ఇంజెక్షన్ పడని పిల్ల తెల్లగా పాలిపోయి ఉంటుంది, దాని శరీరం టీకాకు కూడా బలహీనంగానే స్పందిస్తుంది. దాణాలో బూజు పట్టిన మొక్కజొన్న, వేరుశనగ చెక్క వాడుతున్నట్లయితే వాటిలోని అఫ్లాటాక్సిన్ అనే బూజు విషం రక్షణ శక్తిని అణచివేస్తుంది. వానాకాలంలో టీకా పట్టలేదని చెప్పే ఫారాల్లో దాణా గదిని ముందు చూడమని నేను అందుకే చెబుతాను. టీకా తర్వాత ఒకటి, రెండు రోజులు పిల్ల కొంచెం మందకొడిగా ఉండటం మామూలే. సూది వేసిన నిమిషాలలోనే వాంతి, వణుకు, ఆయాసం వచ్చి పిల్ల పడిపోతే అది తీవ్రమైన అలర్జీ, దానికి అడ్రినలిన్ అవసరం, కాబట్టి టీకా వేసేవారి దగ్గర ఆ మందు ఉందో లేదో ముందే అడగండి, పని అయిన తర్వాత అరగంటపాటు పిల్లలను వదిలి వెళ్లవద్దు.

గాలికుంటు టీకాను స్వైన్ ఫీవర్ టీకాతో ఒకే సిరంజిలో కలపడం మాత్రం ఎన్నడూ చేయకూడదు. ఒకే రోజు వేర్వేరు చోట్ల వేయడం కూడా చిన్న పిల్లల విషయంలో నాకు ఇష్టం లేదు. రెండింటి మధ్య రెండు, మూడు వారాల ఎడం ఉంచితే ఏ టీకాకు ఎలా స్పందించిందో తెలుస్తుంది. 60వ రోజున స్వైన్ ఫీవర్ టీకా వేసినట్లయితే మూడో నెల వరకు ఆగి గాలికుంటు టీకా, దాని తర్వాత నెలకు బూస్టరు, ఆపైన ఆరు నెలలకు ఒకసారి వేయించండి. 2019 సెప్టెంబరులో మొదలైన జాతీయ పశువ్యాధుల నియంత్రణ కార్యక్రమం గాలికుంటు టీకాలో పందులను కూడా చేర్చింది, కానీ ఊరిలో టీకాల బృందం గేదెల కొట్టాలకు వెళ్లినంత తేలికగా పందుల షెడ్డుకు రాదు. మీరే అడిగి పేరు రాయించుకోవాలి. గొంతువాపు టీకా మీ ప్రాంతంలో ఆ రోగం ఉంటే తొలకరికి ముందు వేయించవచ్చు. అన్నిచోట్లా పందులకు అది తప్పనిసరి కాదు. మైకోప్లాస్మా, సర్కోవైరస్ టీకాల గురించి, రక్తపరీక్షలో వాటి సమస్య తేలితే తప్ప, 12 తల్లుల ఫారంలో ఖర్చు పెట్టమని నేను చెప్పను. ఆ డబ్బుతో పిల్లల గదికి వెచ్చదనం, మంచి దాణా సమకూర్చుకుంటే ఎక్కువ పిల్లలు బతుకుతాయి.

హోటళ్ల ఎంగిలి మేపుతున్నారో లేదో మీరు రాయలేదు. మేపుతున్నట్లయితే పైన చెప్పిన ఐదు నుంచి ఎనిమిది వారాల పిల్లలకు దాన్ని పూర్తిగా మానిపించండి, పెద్దవాటికి కూడా 90 డిగ్రీల సెల్సియస్ వేడిలో గంటసేపు కలుపుతూ ఉడికించిన తర్వాతే పోయండి. పంది మాంసపు ముక్కల్లో ఈ రెండు స్వైన్ ఫీవర్ వైరస్‌లూ చాలాకాలం బతికి ఉంటాయి, పైపైన వేడి చేసిన ఎంగిలితో అవి షెడ్డులోకి వస్తాయి. కొత్తగా కొన్న పందులను కనీసం నెల రోజులు విడిగా, వేరే మనిషి చూసుకునేలా ఉంచండి.

ఇప్పుడు మీ దగ్గర పాలు తాగుతున్న ఈతల విషయంలో ఇలా చేయండి. ఈ రెండు వారాలలో విత్తులు కొట్టించడం మిగిలి ఉంటే ముందు అది పూర్తి చేయండి. పదిహేనో రోజు నుంచే పిల్లల దాణా కొద్దికొద్దిగా రుచి చూపిస్తూ, 45వ రోజున తల్లిని గది నుంచి తీసివేసి పిల్లలను అదే గదిలో మరో వారం ఉంచండి, వేర్వేరు ఈతలను ఆ వారం కలపవద్దు. 50వ రోజున నట్టల మందు ఇవ్వండి. పారుడు తగ్గి దాణా బాగా తింటున్నాయని నిర్ధారించుకుని 58 నుంచి 60 రోజుల మధ్య స్వైన్ ఫీవర్ టీకా వేయించండి. రికార్డు లేని తల్లుల పిల్లలకు మాత్రం 28వ రోజు ప్రాంతంలో ఒక డోసు వేయించి, 60వ రోజున మళ్లీ వేయించండి. టీకా వేసిన మూడు, నాలుగు వారాల తర్వాత ప్రతి ఈత నుంచి రెండు, మూడు పిల్లల రక్తం తీయించి యాంటీబాడీ పరీక్ష చేయించమని మీ పశువైద్యాధికారిని అడగండి. టీకా పట్టిందా లేదా అనేది అప్పుడు కాగితం మీద తెలుస్తుంది, వచ్చే ఈతకు తేదీని ముందుకు జరపాలా వెనక్కి జరపాలా అనేది ఆ అంకెలను బట్టి నిర్ణయించుకోవచ్చు. ఈలోగా ఏ పిల్లకైనా 105 డిగ్రీలు దాటిన జ్వరంతో చర్మం ఊదా రంగుకు తిరిగినట్లు కనిపిస్తే, ఆ రోజు నుంచి మీ షెడ్డు నుంచి ఒక్క పందిని కూడా బయటికి అమ్మకుండా ఆపి, పశువైద్యాధికారికి గానీ పశువైద్య సహాయం కోసం ఉన్న 1962 నంబరుకు గానీ వెంటనే ఫోన్ చేయండి.